గర్భస్రావం: ఇక్కడి చట్టం, అక్కడి చట్టం

పోయిన చలికాలంలో పూడిమడకలో వైద్యశిబిరం పెట్టినప్పుడు ఒకే పూటలో ఇద్దరు ఆడవాళ్ళు నా దగ్గరకు వచ్చారు. ఒకరికొకరు ఏమీ కారు. కాని ఇద్దరి కష్టమూ ఒక్కటే కావడం వల్ల, ఆ రోజునుంచీ ఈ విషయం మీద పాఠకులకు వివరంగా రాయాలనుకుంటున్నాను.

మొదటామె వేటకు వెళ్ళేవారి ఇంటి ఇల్లాలు. ముప్పయ్యేళ్ళు నిండలేదు, అప్పటికే ముగ్గురు పిల్లలు. మనిషి తెల్లగా పాలిపోయి ఉంది. కంటిరెప్ప కిందికి లాగి చూస్తే రక్తమన్నదే లేదు. నాలుగో నెలలో ఎవరో చెప్పగా మందుల షాపులో మాత్రలు తెచ్చి వేసుకుందట. అయిదు రోజులుగా రక్తస్రావం ఆగలేదు.

“ఏమ్మా, నెల తప్పగానే ఆసుపత్రికి ఎందుకు రాలేదు?” అని అడిగాను.

“మా ఆయన ఏటకెల్లిపోనాడమ్మా. ఆయన సంతకం నేకుంటే ఆస్పత్రిలో సెయ్యరని మా ఆడపడుసు సెప్పింది. ఆయనొస్తాడని సూసినాను” అంది.

ఆమెను 108 అంబులెన్సులో అనకాపల్లి జిల్లా ఆసుపత్రికి పంపించి కూర్చున్నానో లేదో, రెండో ఆవిడ వచ్చారు. ఆ ఊళ్ళోనే చాలాకాలం పాఠాలు చెప్పి రిటైరయిన టీచరు గారు. ఆవిడకు ఏ జబ్బూ లేదు. అమ్మాయి కోసం వచ్చారు. అమ్మాయీ అల్లుడూ అమెరికాలో, టెక్సాస్ రాష్ట్రంలోని డాలస్‌లో ఉద్యోగాలు చేస్తున్నారు. మొదటి కాన్పు. 19వ వారంలో స్కాన్ తీస్తే బిడ్డకు తలపుర్రె ఏర్పడలేదని తేలింది. దీన్ని అనెన్‌సెఫలీ అంటారు. ఇటువంటి బిడ్డ కడుపులోనే చనిపోవచ్చు, పుట్టినా కొద్ది గంటలో, కొద్ది రోజులో తప్ప బతకదు. దీనికి ప్రపంచంలో ఎక్కడా వైద్యం లేదు. తొమ్మిది నెలలూ మోయలేనని అమ్మాయి ఏడిస్తే, అక్కడి డాక్టరు “ఈ రాష్ట్రంలో మేమేమీ చేయలేం” అని తలవంచుకున్నారట.

“అమెరికాలో చేయలేని పని ఉంటుందా డాక్టరు గారూ? ఇక్కడైతే మీరు చేసేవారేనా?” అని టీచరు గారు అడిగారు.

“చేసేవాళ్ళమేనండీ. మన చట్టం ఒప్పుకుంటుంది” అన్నాను.

ఆవిడ చాలాసేపు మాట్లాడలేదు. చట్టం తనకు అండగా ఉందని తెలియక ఒక తల్లి ప్రాణం మీదికి తెచ్చుకుంది. అన్నీ తెలిసిన మరో తల్లికి తానున్న చోట చట్టం అండగా లేదు. ఈ రెండు సంగతులూ ఆడపిల్లలున్న ప్రతి ఇంటివారూ తెలుసుకోవలసినవే.

మన దేశంలో ఏముంది?

1860 నాటి శిక్షాస్మృతి ప్రకారం తల్లి ప్రాణం కాపాడడానికి తప్ప గర్భస్రావం నేరం. అందుచేత దొంగచాటు వైద్యాలు పెరిగి, పుల్లలు పెట్టించుకునీ పసర్లు తాగీ ఎందరో చనిపోయేవారు. 1964లో ప్రభుత్వం శాంతిలాల్ షా అధ్యక్షతన ఒక కమిటీని వేసింది. దాని సిఫార్సుల మీదనే 1971లో పార్లమెంటు గర్భవిచ్ఛిత్తి చట్టం చేసింది. మేము దానినే ఎం.టి.పి. చట్టం అంటాం. 1972 ఏప్రిల్ 1 నుంచి అది అమలులోకి వచ్చింది. అమెరికా సుప్రీంకోర్టు ఈ విషయం మీద తన ప్రసిద్ధమైన తీర్పు ఇవ్వడానికి మనం ఏడాది ముందే చట్టం చేసుకున్నామన్నమాట.

2021లో ఈ చట్టాన్ని సవరించారు. ఇప్పుడున్న పద్ధతి ఇది.

20 వారాల వరకు ఒక డాక్టరు అభిప్రాయం చాలు. తల్లి ఆరోగ్యానికి, మనసుకు తీవ్రమైన హాని ఉన్నా, బిడ్డకు తీవ్రమైన అవకరం ఉన్నా, కుటుంబ నియంత్రణ సాధనం వాడినా గర్భం వచ్చినా చేయవచ్చు.

20 నుంచి 24 వారాల మధ్య ఇద్దరు డాక్టర్లు ఒప్పుకోవాలి. అత్యాచారానికి గురైనవారు, మైనరు బాలికలు, గర్భంతో ఉండగా భర్తను పోగొట్టుకున్నవారు లేక విడాకులైనవారు, వికలాంగులు, మానసిక వ్యాధి ఉన్నవారు, బిడ్డకు తీవ్రమైన అవకరం ఉన్నవారు ఇందులోకి వస్తారు.

24 వారాలు దాటితే బిడ్డకు తీవ్రమైన అవకరం ఉందని మెడికల్ బోర్డు నిర్ధారించాలి. తల్లి ప్రాణం తక్షణం కాపాడవలసి వస్తే మాత్రం ఏ వారమైనా అడ్డులేదు.

ఇక సంతకం సంగతి. పద్దెనిమిదేళ్ళు నిండిన స్త్రీకి ఆమె సంతకం ఒక్కటే చాలు. భర్తదీ, అత్తదీ, తండ్రిదీ ఎవరిదీ అక్కరలేదు. మైనరైతే సంరక్షకుల సంతకం కావాలి. 2021 సవరణలో “వివాహిత స్త్రీ, ఆమె భర్త” అన్నచోట “ఏ స్త్రీ అయినా, ఆమె భాగస్వామి” అని మార్చారు. పెళ్ళికాని స్త్రీకి కూడా 24 వారాల వరకు ఇదే హక్కు ఉందని 2022 సెప్టెంబరు 29న మన సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ఆమె పేరు బయటపెట్టిన డాక్టరుకు ఏడాది వరకు జైలు పడవచ్చు.

మన చట్టంలో లోపాలు లేవని అనను. పిల్లలను కనడమా, మానడమా అన్నది స్త్రీ వ్యక్తిగత స్వేచ్ఛలో భాగమనీ, రాజ్యాంగం 21వ అధికరణ కిందకు వస్తుందనీ 2009లో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా చట్టం ప్రకారం తుది మాట డాక్టరుదే. 2023 అక్టోబరులో 26 వారాలు దాటిన ఒక వివాహితకు అదే కోర్టు అనుమతి నిరాకరించింది. చట్టం గీసిన గీత దాటితే ఇప్పటికీ అది నేరమే. కాని ఒక్క మేలు గమనించండి. ఈ చట్టం కాశ్మీరు నుంచి కన్యాకుమారి వరకు ఒక్కటే. పూడిమడకలో ఉన్న స్త్రీకీ ఢిల్లీలో ఉన్న స్త్రీకీ తేడా లేదు. అమెరికాలో లేనిది ఇదే.

అమెరికాలో ఏం జరిగింది?

1973 జనవరి 22న అమెరికా సుప్రీంకోర్టు రో వర్సెస్ వేడ్ అనే కేసులో తీర్పు ఇచ్చింది. ఆ కేసు టెక్సాస్ నుంచి వచ్చినదే. బిడ్డ తల్లి కడుపు బయట బతకగల దశ వచ్చేవరకు గర్భస్రావం చేయించుకునే హక్కు దేశ రాజ్యాంగంలోనే ఉందని ఏడుగురు న్యాయమూర్తులు అన్నారు, ఇద్దరు కాదన్నారు. దానితో ఏ రాష్ట్రమూ పూర్తిగా నిషేధించడానికి వీలులేకపోయింది. 1992లో మరో తీర్పు రాష్ట్రాలకు కొంత వెసులుబాటు ఇచ్చినా అసలు హక్కును అలాగే ఉంచింది.

49 ఏళ్ళ తర్వాత, 2022 జూన్ 24న, మిసిసిపీ రాష్ట్రం నుంచి వచ్చిన డాబ్స్ కేసులో అదే కోర్టు ఆ తీర్పును కొట్టివేసింది. దేశ రాజ్యాంగంలో అటువంటి హక్కు లేదు, ప్రజలూ వారు ఎన్నుకున్న ప్రతినిధులే తేల్చుకోవాలి అని చెప్పింది. ఆ రోజునుంచి ఒకే దేశంలో రాష్ట్రానికో న్యాయం అయింది.

పాఠకులు ఇక్కడ ఒక సంగతి గుర్తుంచుకోవాలి. మన ఆంధ్రప్రదేశ్‌కు వేరే రాజ్యాంగం లేదు. అమెరికాలో దేశ రాజ్యాంగం కాక 50 రాష్ట్రాలకు 50 రాజ్యాంగాలున్నాయి. చాలా రాష్ట్రాల్లో దానిని మార్చాలంటే ప్రజలే ఓటు వేయాలి. అందుకే 2022 తర్వాత ఈ సమస్య బాలెట్ పెట్టెల దగ్గరకు వచ్చింది.

కాలిఫోర్నియా, మిషిగన్ ప్రజలు 2022 నవంబరులో ఈ హక్కును తమ రాష్ట్ర రాజ్యాంగంలో రాసుకున్నారు. ఒహాయో 2023లో ఆ పని చేసింది. కాన్సస్‌లో ఉన్న రక్షణ తీసివేద్దామా అని 2022 ఆగస్టులో అడిగితే ప్రజలు వద్దన్నారు. న్యూజెర్సీలో 2022 జనవరిలోనే చట్టం చేసి హక్కును గట్టిపరిచారు. అరిజోనా కథ మరీ విచిత్రం. 1864 నాటి నిషేధం చెల్లుతుందని అక్కడి సుప్రీంకోర్టు 2024 ఏప్రిల్‌లో అన్నది. నెల తిరక్కుండానే శాసనసభ దానిని రద్దు చేసింది. నవంబరులో ప్రజలు హక్కును రాజ్యాంగంలో చేర్చారు.

దీనికి ఎదురుగా టెనెసీ 2014లో, అలబామా 2018లో, లూసియానా 2020లో “మా రాజ్యాంగంలో గర్భస్రావ హక్కు లేదు” అని స్పష్టంగా రాసుకున్నాయి. ఫ్లోరిడాలో 2024 మే 1 నుంచి ఆరు వారాల చట్టం వచ్చింది. దానిని మార్చాలని ఆ నవంబరులో నూటికి 57 మంది ఓటు వేసినా, అక్కడ 60 మంది కావాలి కనుక నెగ్గలేదు.

టెక్సాస్‌లో 2022 ఆగస్టు 25 నుంచి దాదాపు పూర్తి నిషేధం. తల్లి ప్రాణానికో, ముఖ్యమైన అవయవానికో ప్రమాదం ఉంటే తప్ప చేయకూడదు. అత్యాచారం జరిగినా మినహాయింపు లేదు, బిడ్డ బతకదని తేలినా లేదు. చేసిన డాక్టరుకు యావజ్జీవం వరకు శిక్ష, కనీసం లక్ష డాలర్ల జరిమానా, లైసెన్సు రద్దు. గర్భవతికి మాత్రం శిక్ష లేదు. 2023 డిసెంబరులో కేట్ కాక్స్ అనే ఇద్దరు పిల్లల తల్లి, బిడ్డకు ట్రైసొమీ 18 అనే ప్రాణాంతకమైన లోపం ఉందని తెలిసి కోర్టుకు వెళితే, టెక్సాస్ సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఆమె మరో రాష్ట్రానికి వెళ్ళవలసి వచ్చింది. ప్రమాదం అంటే ఏమిటో వివరిస్తూ 2025లో ఒక చట్టం చేశారు గాని, బిడ్డ అవకరానికి అందులోనూ చోటు దొరకలేదు.

జార్జియాలోనూ ఆరు వారాల చట్టమే. అయినా బిడ్డ బతకదని డాక్టర్లు నిర్ధారిస్తే అక్కడ మినహాయింపు ఉంది. అంటే టీచరు గారి అమ్మాయి డాలస్‌లో కాక అట్లాంటాలో ఉండి ఉంటే ఆ డాక్టరు తలవంచుకోవలసిన అవసరం ఉండేది కాదు.

ఆరు వారాలంటే ఎన్ని రోజులు?

ఆరు వారాలంటే నెలన్నర గడువు ఉందనుకుంటారు. అది పొరపాటు. గర్భాన్ని మేము లెక్కించేది కలయిక జరిగిన రోజు నుంచి కాదు, ఆఖరి బహిష్టు మొదటి రోజు నుంచి. ఒకటో తేదీన బహిష్టు అయిందనుకోండి. నెలనెలా సక్రమంగా వచ్చే స్త్రీకి 29వ తేదీన మళ్ళీ రావాలి. రాలేదని ఆమె గమనించేసరికే మా లెక్కలో నాలుగు వారాలు పూర్తయినట్టే. వచ్చే నెల 12, 13 తేదీలకల్లా ఆరు వారాలు నిండుతాయి. ఆమె చేతిలో నిజంగా ఉండేది పధ్నాలుగు రోజులే. బహిష్టు సక్రమంగా రానివారికీ, పాలిచ్చే తల్లులకూ ఆ పధ్నాలుగు రోజులు కూడా ఉండవు.

పూడిమడక ఆడవాళ్ళు తేదీలు చెప్పలేకపోయినా “పున్నం ముందు రెండు రోజులకి” అని చక్కగా చెప్తారు. ఆ లెక్క మాకు బాగా పనికొస్తుంది. పున్నానికీ పున్నానికీ మధ్య ఇరవైతొమ్మిదిన్నర రోజులు. ఏ లెక్కయినా సరే, ప్రతి స్త్రీ తన బహిష్టు రోజును కాలెండరు మీద గుర్తు పెట్టుకోవాలి. చట్టం ఏదైనా మొదట అడిగేది ఆ రోజునే.

డాక్టరు భయపడితే ఏమవుతుంది?

మన పొరుగున ఉన్న కర్ణాటక ఆడపిల్ల, దంతవైద్యురాలు సవితా హలప్పనవర్ సంగతి చాలామందికి గుర్తుండే ఉంటుంది. 2012 అక్టోబరులో ఐర్లండులోని గాల్వేలో, 17 వారాల గర్భంతో ఉండగా ఆమెకు గర్భస్రావం మొదలైంది. బిడ్డ దక్కదని తెలిసింది. గర్భాన్ని తీసివేయమని భార్యాభర్తలు బతిమాలినా, బిడ్డ గుండె కొట్టుకుంటున్నదని ఆగారు. ఇన్ఫెక్షను రక్తంలోకి పాకి ఆమె అక్టోబరు 28న చనిపోయింది. వయసు 31. ఐర్లండు ప్రజలు 2018 మే 25న ఓటువేసి తమ రాజ్యాంగాన్ని మార్చుకున్నారు.

ఉమ్మనీరు పోయి గర్భసంచి తెరుచుకున్నాక ఇన్ఫెక్షను గంటల్లో పెరుగుతుంది. అటువంటప్పుడు డాక్టరు చూడవలసింది రోగి నాడి, జ్వరం, రక్తపోటు. లాయరు ఏమంటాడో అని చూడవలసి వస్తే రోగికి నష్టం. గర్భస్రావం చేయించుకోమని నేను ఎవరికీ సలహా చెప్పను. మతరీత్యా ఒప్పుకోనివారి మనసునూ గౌరవిస్తాను. కాని నిర్ణయం రోగిది, వైద్యం డాక్టరుది కావాలన్నది ముప్పయ్యేళ్ళ ఉద్యోగంలో నేను నేర్చుకున్న పాఠం.

అమెరికాలో అమ్మాయిలున్నవారు గమనించవలసినవి

గర్భం కోసం ప్రయత్నించేటప్పుడే మీ అమ్మాయి ఉన్న రాష్ట్రంలో చట్టం ఏమిటో తెలుసుకోమనండి. కోర్టులూ ఎన్నికలూ దీనిని మారుస్తూనే ఉన్నాయి కాబట్టి పాత కబురును నమ్మవద్దు.

గర్భం రావడానికి కనీసం నెల ముందునుంచే రోజూ 400 మైక్రోగ్రాముల ఫోలిక్ ఆసిడ్ వేసుకోవాలి. అనెన్‌సెఫలీ వంటి లోపాలను ఇది చాలావరకు నివారిస్తుంది.

11 నుంచి 14 వారాల మధ్య తీసే స్కాన్‌ను తప్పనివ్వకూడదు. పుర్రె ఏర్పడని బిడ్డను చాలాసార్లు అప్పుడే కనిపెట్టవచ్చు. టీచరు గారి అమ్మాయికి ఉద్యోగం మారడంతో ఇన్సూరెన్సు చిక్కుల్లో ఆ స్కాన్ జరగలేదు. మనం టిఫా అని పిలిచే పెద్ద స్కాన్ 18 నుంచి 20 వారాల మధ్య తీస్తారు. దానికోసమే ఎదురుచూస్తే కాలం మించిపోతుంది.

అక్కడి డాక్టరు భయపడి చెప్పకపోయినా, స్కాన్ రిపోర్టు, పరీక్షల కాగితాలు అన్నీ అడిగి తీసుకోవాలి. మరో రాష్ట్రానికి వెళ్ళి అక్కడి చట్టం ప్రకారం చేయించుకున్న స్త్రీకి టెక్సాస్ చట్టం శిక్ష వేయదు. ఇండియాకు తీసుకువస్తామని కొందరు తొందరపడతారు. టికెట్లూ వీసా చిక్కులూ అయ్యేసరికి రెండు వారాలు పోతాయి. పక్క రాష్ట్రమే దగ్గర దారి.

ఇక్కడి అక్కచెల్లెళ్ళకు

గర్భస్రావం మాత్రలు మంచివే, కాని డాక్టరు చేతిలోనే. తొమ్మిది వారాలలోపే, పరీక్ష చేశాకనే ఇవ్వాలి. గర్భం సంచిలో కాక ట్యూబులో ఉంటే ఈ మాత్రలు పనిచేయవు, ట్యూబు పగిలి ప్రాణం పోతుంది. నాలుగో నెలలో ఇంట్లో వేసుకుంటే సగం పడి సగం మిగిలి రక్తం ఆగదు. నెగెటివ్ గ్రూపు రక్తం ఉన్నవారు ఆ సంగతి డాక్టరుకు ముందే చెప్పాలి. ఇంజెక్షను అవసరం కావచ్చు.

చట్టంలో “రిజిస్టర్డ్ మెడికల్ ప్రాక్టీషనర్” అని ఉంటుంది. అది చూసి మన ఊళ్ళలో ఆర్.ఎం.పి. అని బోర్డు పెట్టుకున్నవారు అనుకోకండి సుమా! శిక్షణ పొందిన ఎం.బి.బి.ఎస్. డాక్టరో, ఆడవాళ్ళ జబ్బుల స్పెషలిస్టో మాత్రమే, ప్రభుత్వం అనుమతించిన ఆసుపత్రిలోనే చేయాలి. ప్రభుత్వ ఆసుపత్రిలో డబ్బు పుచ్చుకోరు.

గంటకు రెండు ప్యాడ్ల చొప్పున రెండు గంటలపాటు తడిసినా, జ్వరం వచ్చినా, దుర్వాసన వేసినా, కడుపులో భరించలేని నొప్పి వచ్చినా, ఏ వేళైనా సరే ఆసుపత్రికి రండి. ఏం మాత్ర వేసుకున్నారో దాచవద్దు.

ఆడపిల్ల అని తెలుసుకుని తీయించడం మాత్రం ఎక్కడా ఎప్పుడూ నేరమే. 1994 చట్టం ప్రకారం అడిగినవారికీ చెప్పినవారికీ శిక్ష ఉంది.

ఇన్నిటికన్నా మేలైనది ముందు జాగ్రత్త. నిరోధ్, కాపర్ టి, మూడు నెలల ఇంజెక్షను, మాత్రలు అన్నీ ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఉచితమే. మగవారి ఆపరేషను ఆడవారి ఆపరేషను కన్నా చిన్నది. ఈ మాట మగ పాఠకులు కూడా చదువుతారని ఆశిస్తాను.

శిబిరం జరిగిన మూడు వారాలకు మళ్ళీ పూడిమడక వెళ్ళాను. రక్తం ఎక్కించి, మిగిలిన భాగం తీసివేశాక ఆ ఇల్లాలు కోలుకుంది. భర్త వేట నుంచి తిరిగివచ్చి, ఈసారి తానే ఆపరేషను చేయించుకోవడానికి ఎక్కడికి రావాలో అడిగాడు. టీచరు గారి అమ్మాయీ అల్లుడూ డాలస్ నుంచి కొలరాడో రాష్ట్రానికి వెళ్ళి, పని పూర్తిచేసుకుని ఇంటికి చేరారు. మళ్ళీ బిడ్డను కనాలని అమ్మాయికి ఆశగా ఉందట. ఒకసారి ఇటువంటి లోపం వచ్చినవారికి ఫోలిక్ ఆసిడ్ మామూలుకన్నా పది రెట్లు కావాలి. ఆ సంగతి అక్కడి డాక్టరును అడగమని చెప్పి పంపించాను.